ఆట మధ్యలో మైన్‌క్రాఫ్ట్ డిఫికల్టీ మార్చాలంటే: బటన్ నొక్కే ముందు ఏం చేయాలి

మైన్‌క్రాఫ్ట్‌లో డిఫికల్టీ మార్చడం ఒక్క బటన్ పని. ఎస్కేప్ నొక్కి, ఆప్షన్స్‌లోకి వెళ్లి, నార్మల్ అని ఉన్నచోట పీస్‌ఫుల్, అంటే రాక్షసులే ఉండని స్థాయి, వచ్చేదాకా నొక్కితే అయిపోయింది. నేనూ అంతే అనుకున్నాను. ఒక రాత్రి గుహలో చచ్చిపోయాను, సామానంతా అక్కడే పడిపోయింది, పరుగెత్తుకుంటూ తిరిగి వెళ్లేసరికి చుట్టూ జాంబీలు. ఎందుకొచ్చిన గొడవ అని పీస్‌ఫుల్ నొక్కాను. అన్నీ మాయం. హెల్మెట్ దొరికింది, గొడ్డలి దొరికింది, రొట్టెలు దొరికాయి, డైమండ్ కత్తి మాత్రం లేదు. అది ఒక జాంబీ చేతిలో ఉండటం నేను కళ్లారా చూశాను, కానీ ఆ టెన్షన్‌లో బుర్ర పనిచేయలేదు. జాంబీతో పాటే కత్తీ పోయింది, కనీసం కింద కూడా పడలేదు. అక్కడితో ఆగానా అంటే అదీ లేదు, పీస్‌ఫుల్‌లోనే నింపాదిగా నడుచుకుంటూ ఇంటికి వచ్చాను. నేను దగ్గరికి రాగానే ఐరన్ ఫార్మ్‌లో, అంటే ఇనుము దానంతటదే వచ్చేలా కట్టుకున్న చోట, పడవలో కూర్చోబెట్టిన జాంబీ, పేరు పెట్టి మరీ ఉంచుకున్నది, అదీ పోయింది. జాంబీ లేకపోతే విలేజర్లకు (ఊళ్లో ఉండే మనుషులకు) భయం లేదు, భయం లేకపోతే వాళ్లను కాపాడే ఇనుప గోలెమ్‌లు రావు, గోలెమ్‌లు రాకపోతే ఇనుము లేదు. మళ్లీ ఒక జాంబీని అక్కడిదాకా తోలుకురావడానికి రెండు సాయంత్రాలు పట్టింది.

అందుకని ఇది రాస్తున్నాను. బటన్ ఎక్కడుందో మీకు తెలుసు, దాన్ని నొక్కే ముందు ఏం సర్దుకోవాలన్నదే అసలు సంగతి.

మొదట, మీ దగ్గరున్నది జావా ఎడిషనా, బెడ్‌రాకా చూసుకోండి. ఫోన్, ఎక్స్‌బాక్స్, ప్లేస్టేషన్, స్విచ్‌లలో ఉండేది బెడ్‌రాక్. కంప్యూటర్‌లో రెండిట్లో ఏదైనా ఉండొచ్చు, జావా అయితే తెరవగానే జావా ఎడిషన్ అని కనిపిస్తుంది. జావాలో డిఫికల్టీ బటన్ ఆప్షన్స్‌లో ఉంటుంది, బెడ్‌రాక్‌లో సెట్టింగ్స్ తెరిచి గేమ్ అనే భాగంలోకి వెళ్లాలి. చూడ్డానికి చిన్న తేడాలాగే ఉంటుంది కానీ అచీవ్‌మెంట్ల, అంటే ఆటలో ఏదైనా సాధిస్తే వచ్చే గుర్తింపుల, దగ్గరికి వచ్చేసరికి ఇదే పెద్ద తేడా అవుతుంది, కింద చెప్తాను.

రెండోది, డిఫికల్టీ వేరు, గేమ్ మోడ్ వేరు. ఈ రెండిటినీ కలిపేసి మాట్లాడేవాళ్లు బోలెడంతమంది. పీస్‌ఫుల్, ఈజీ, నార్మల్, హార్డ్ ఇవి డిఫికల్టీలు, అంటే రాక్షసులు ఎంత గట్టిగా కొడతాయి, ఆకలి ఎంతదాకా లాగుతుంది అనే లెక్క. సర్వైవల్, క్రియేటివ్, అడ్వెంచర్, స్పెక్టేటర్ ఇవి మోడ్‌లు, అంటే మీరు ఆ లోకంలో ఏం చేయగలరు అనేది. మీకు కావాల్సింది "కాసేపు ఎవరూ నన్ను కొట్టకుండా ఇల్లు కట్టుకోవాలి" అయితే పీస్‌ఫుల్ చాలు, క్రియేటివ్ జోలికి వెళ్లక్కర్లేదు. మా అక్క కొడుకు ఫోన్‌లో ఆడతాడు, వాడు ఈ తేడా తెలియక క్రియేటివ్ నొక్కి, హెచ్చరిక డబ్బా వస్తే చదవకుండా ఓకే కొట్టి, ఆ తర్వాత "మావయ్యా, నాకు అచీవ్‌మెంట్లు రావట్లేదేంటి" అని ఫోన్ చేశాడు. బెడ్‌రాక్‌లో ఒకసారి క్రియేటివ్‌కి వెళ్లినా, చీట్స్ ఆన్ చేసినా ఆ వరల్డ్‌లో ఇక అచీవ్‌మెంట్లు రావు, మళ్లీ సర్వైవల్‌కి వచ్చినా అంతే. డిఫికల్టీని మెనూలో మారిస్తే మాత్రం వాటికేమీ కాదు. జావాలో ఈ గొడవే లేదు, క్రియేటివ్‌కి పోయివచ్చినా అడ్వాన్స్‌మెంట్లు (అక్కడ అచీవ్‌మెంట్ల పేరు ఇదే) వస్తూనే ఉంటాయి.

మూడోది, కాపీ తీసుకోండి. ఇది బోరు పనే, తెలుసు. జావాలో వరల్డ్‌ల జాబితాలో మీ వరల్డ్‌ని ఎంచుకుని ఎడిట్ నొక్కితే మేక్ బ్యాకప్ అని ఉంటుంది. బెడ్‌రాక్‌లో వరల్డ్ పక్కనున్న పెన్సిల్ గుర్తు నొక్కి, సెట్టింగ్స్ కిందికి జరుపుకుంటూ పోతే కాపీ వరల్డ్ కనిపిస్తుంది. నిమిషం పని. ఆ రాత్రి నేను ఈ నిమిషం మిగుల్చుకున్నాను.

ఇక అసలు పని. కిందికి దిగడం, అంటే పీస్‌ఫుల్‌కి వెళ్లడం, ఒక రకం తలనొప్పి. పైకి ఎక్కడం, అంటే ఈజీ నుంచి హార్డ్‌కి పోవడం, ఇంకో రకం.

పీస్‌ఫుల్‌కి వెళ్లే ముందు

పీస్‌ఫుల్ నొక్కిన మరుక్షణం మీ చుట్టూ లోడ్ అయి ఉన్న జాంబీలు, క్రీపర్లు, అస్థిపంజరాలు, ఎండర్‌మెన్, అన్నీ తుడిచిపెట్టుకుపోతాయి. పేరు పెట్టడానికి వాడే నేమ్ ట్యాగ్ తగిలించినా కాపాడదు. ట్యాగ్ ఉంటే మామూలుగా మాయం కావు కదా అని చాలామంది ధీమాగా ఉంటారు, ఆ ధీమా పీస్‌ఫుల్ దగ్గర చెల్లదు. కాబట్టి ముందు కూర్చుని లెక్క వేసుకోండి, మీ వరల్డ్‌లో మీకు కావాల్సిన రాక్షసులు ఎక్కడెక్కడ ఉన్నాయి? ఐరన్ ఫార్మ్‌లో జాంబీ ఉందా? మందు వేసి మామూలు మనిషిగా మార్చుకుందామని గోతిలో దాచిన జాంబీ విలేజర్ ఉన్నాడా? మీ సామాను ఎత్తుకుని తిరుగుతున్న జాంబీ ఏదైనా ఉందా? ఉంటే దాన్ని ముందు చంపండి, ఎత్తుకున్న వస్తువు తప్పకుండా కింద పడుతుంది, ఆ తర్వాతే పీస్‌ఫుల్. నా కత్తి కథలో తప్పు ఇక్కడే జరిగింది.

ఇక్కడ ఒక చిట్కా ఉంది. పోయేవి లోడ్ అయిన చోట ఉన్నవి మాత్రమే. మీరు ఇంటికి దూరంగా ఏదో గుహలో ఇరుక్కుని పీస్‌ఫుల్ నొక్కారనుకోండి, సామాను ఏరుకుని, అక్కడే నిలబడి మళ్లీ నార్మల్‌కి మార్చేసి, ఆ తర్వాత ఇంటికి బయలుదేరండి. ఇంటి దగ్గరి జాంబీ ఏమీ తెలియకుండా అలాగే ఉంటుంది. నేను పీస్‌ఫుల్‌లోనే ఇల్లు చేరాను కాబట్టి పోగొట్టుకున్నాను. పాత జావా వెర్షన్లలో వరల్డ్ మొదలైన చోటు చుట్టుపక్కల కొంత ఎప్పుడూ లోడ్ అయ్యే ఉంటుంది, మీ ఇల్లు అక్కడే ఉంటే ఈ చిట్కా పనిచేయదు.

తిరిగిరానివి కూడా ఉన్నాయి. సముద్రంలో ఉండే మాన్యుమెంట్‌లోని ఎల్డర్ గార్డియన్లు, ఉడ్‌ల్యాండ్ మాన్షన్‌లోని ఎవోకర్లు, ఇవి ఆ కట్టడంతో పాటు ఒక్కసారే పుడతాయి. పీస్‌ఫుల్‌లో సరదాగా అటువైపు వెళ్లి చూసొచ్చారా, ఇక ఆ కట్టడం ఖాళీ ఇల్లే. నార్మల్‌కి వచ్చినా మళ్లీ అక్కడ పుట్టవు. స్పాంజ్‌ల కోసం ఎల్డర్ గార్డియన్‌ని కొట్టాలనే ఆలోచన ఉంటే పీస్‌ఫుల్‌లో ఉన్నంతసేపూ ఆ దిక్కుకే పోకండి.

పీస్‌ఫుల్‌లో సుఖం నిజమే. ప్రాణం సెకనుకు అర గుండె చొప్పున తిరిగి నిండుతుంది, ఆకలి తగ్గదు, విలేజర్లు హాయిగా ఉంటారు. పెద్ద కోటలు కట్టేటప్పుడు, ఊరు సర్దేటప్పుడు నేను సిగ్గుపడకుండా వాడతాను. కాకపోతే బ్లేజ్‌లనే నిప్పు రాక్షసులు ఉండవు, వాటి రాడ్లు ఇంకెక్కడా దొరకవు, అవి లేకపోతే డ్రాగన్ ఉండే ఎండ్ అనే లోకానికి దారి తెరిచే ఐ ఆఫ్ ఎండర్ తయారుకాదు, కాబట్టి అక్కడికి వెళ్లాలంటే ఎప్పటికైనా కనీసం ఈజీకి రాక తప్పదు. లావాలో పడితే, ఎత్తు నుంచి దూకితే పీస్‌ఫుల్‌లోనూ చస్తారు, అది మర్చిపోయి చచ్చినవాళ్లలో నేనూ ఒకణ్ణి.

హార్డ్‌కి ఎక్కే ముందు

చాలామంది దెబ్బతినేది ఇక్కడ. ఈజీలో నెలల తరబడి ఆడి, డైమండ్ కవచం తొడుక్కుని, ఇక చప్పగా ఉందని నేరుగా హార్డ్ నొక్కుతారు. ఆ రాత్రే ఇంటి ముందు కవచాలు తొడుక్కున్న జాంబీలు, మంత్రించిన విల్లులు పట్టుకున్న అస్థిపంజరాలు. ఇవన్నీ ఇన్నాళ్లూ ఎక్కడున్నాయి?

ఎక్కడా లేవు, ఆట లెక్క కడుతూ కూర్చుంది. మీరు ఎంచుకున్న డిఫికల్టీ కాకుండా, ప్రతి చోటికీ దాని సొంత డిఫికల్టీ ఒకటి ఉంటుంది. మొత్తం వరల్డ్ ఎన్ని రోజులు నడిచింది, ఆ చంక్‌లో, అంటే ఆ 16 బై 16 గడుల ముక్కలో, ఆటగాళ్లు ఎంతసేపు ఉన్నారు, ఆ రాత్రి చంద్రుడు ఎంత నిండుగా ఉన్నాడు, ఈ మూడూ కలిపి దాన్ని లెక్కిస్తారు. రోజుల లెక్క 3 ఆట రోజుల తర్వాత మొదలై 63 రోజులకు నిండుతుంది, చంక్ లెక్క 50 గంటలకు నిండుతుంది. జావాలో ఎఫ్3 నొక్కితే లోకల్ డిఫికల్టీ అని ఒక వరుసలో రెండు అంకెలు కనిపిస్తాయి, అదే ఇది. మొదటి అంకె ఈజీలో 1.5 దాటదు, నార్మల్‌లో 1.5 నుంచి 4 దాకా పోతుంది, హార్డ్‌లో 2.25 నుంచి 6.75 దాకా పోతుంది. రెండో అంకె మొదటిది 2 దాటితేనే కదులుతుంది, 4 దగ్గర 1 అయి ఆగిపోతుంది. శత్రువుల కవచాలు, మంత్రించిన ఆయుధాలు, మీ సామాను ఎత్తుకునే అలవాటు, వీటిలో చాలావరకు ఈ రెండో అంకెను బట్టే ఉంటాయి. ఈజీలో అది ఎప్పుడూ సున్నా. మీరు ఈజీలో గడిపిన గంటలన్నీ మాత్రం చంక్‌లో జమ అయ్యే ఉంటాయి, హార్డ్ నొక్కగానే ఆ బాకీ అంతా వడ్డీతో సహా ఒకేసారి మీద పడుతుంది.

దీని వల్ల ఒక తమాషా ఏమిటంటే, హార్డ్‌కి వెళ్లాక మీ వరల్డ్‌లో అన్నిటికంటే ప్రమాదమైన చోటు మీ ఇల్లే, ఎందుకంటే మీరు ఎక్కువ కాలం గడిపింది అక్కడే. ఎవరూ అడుగుపెట్టని అడవిలో కాస్త మెత్తగా ఉంటుంది. మొదటి రెండు మూడు రాత్రులు బయట ఎక్కడైనా తవ్వుకుంటూ అలవాటు పడటం నాకైతే పనికొచ్చింది.

కాబట్టి నొక్కే ముందు ఇలా చేయండి. ఎఫ్3 తెరిచి ఇంటి దగ్గర ఆ అంకెలు చూసుకోండి. ముందు నార్మల్‌కి వెళ్లి నాలుగైదు రాత్రులు ఉండండి, నేరుగా హార్డ్ వద్దు. ఈజీలో ఆకలితో ప్రాణం సగానికి, అంటే 5 గుండెలకు వచ్చి ఆగుతుంది, నార్మల్‌లో అర గుండె దగ్గర ఆగుతుంది, హార్డ్‌లో ఆగదు, ఆకలితో చచ్చిపోతారు. గుహలోకి దిగేటప్పుడు రెండు రొట్టెలతో సరిపెట్టుకునే అలవాటు ఉంటే మార్చుకోండి. జాంబీ ఒక దెబ్బ ఈజీలో 2.5 పాయింట్లు, నార్మల్‌లో 3, హార్డ్‌లో 4.5, మీ మొత్తం ప్రాణం 20 పాయింట్లు. క్రీపర్ పక్కనే పేలితే జావాలో గరిష్ఠంగా ఈజీలో 22.5, నార్మల్‌లో 43, హార్డ్‌లో 64.5, అంటే కవచం లేకుండా ముఖాముఖి పేలితే ఈజీలో కూడా పోతారు. డాలు పట్టుకోవడం ఇప్పుడే నేర్చుకోండి.

చెక్క తలుపులు చూసుకోండి. హార్డ్‌లో మాత్రమే కొన్ని జాంబీలు వాటిని విరగ్గొడతాయి. మొదటిసారి ఆ ధడ్ ధడ్ చప్పుడు విన్నప్పుడు నేను పెట్టె సర్దుకుంటున్నాను, ఎవరో గోడ కొడుతున్నారేమో అనుకుని ఇయర్‌ఫోన్స్ తీసి మా ఇంటి తలుపు వైపు చూశాను. ఇనుప తలుపు పెట్టి లోపలి వైపు ఒక బటన్ బిగిస్తే సరిపోతుంది. ఊళ్లో విలేజర్ల ఇళ్లకు ఇన్ని తలుపులు మార్చలేం అనుకుంటే కాగడాలు పెంచండి. 1.18 నుంచి మామూలు భూమ్మీద రాక్షసులు పుట్టాలంటే కాగడాల్లాంటి వాటి వెలుగు ఆ గడిలో పూర్తిగా సున్నా కావాలి, కాబట్టి వెలుగు కొంచెం తగిలినా చాలు, తక్కువ కాగడాలతోనే ఊరంతా సర్దొచ్చు.

కాసేపటికే మార్చుకోవడం

ఇది మోసమని కొందరు అంటారు. సొంతంగా ఆడుకునే ఆటలో ఎవర్ని మోసం చేస్తున్నట్టు? నేను రెండు మూడు సందర్భాల్లో కావాలనే మారుస్తాను.

ఒకటి, విలేజర్ల కోసం హార్డ్‌కి పోవడం. జాంబీ చేతిలో చచ్చిన విలేజర్ ఈజీలో పోయినట్టే, నార్మల్‌లో సగం సార్లు జాంబీ విలేజర్‌గా మారతాడు, హార్డ్‌లో తప్పకుండా మారతాడు. మళ్లీ మనిషిని చేస్తే బేరాలు బాగా చవకవుతాయి. కాబట్టి గోతిలో విలేజర్‌ని పెట్టి, ఎండ తగలకుండా పైకప్పు వేసి, హార్డ్‌కి మార్చి, జాంబీని వదలండి. మారగానే మొదటి జాంబీని చంపేయండి. వీక్‌నెస్ స్ప్లాష్ సీసా ఒకటి విసిరి, గోల్డెన్ ఆపిల్ పెట్టండి. వాడు చలిజ్వరం వచ్చినట్టు వణకడం మొదలెడతాడు, 3 నుంచి 5 నిమిషాలు పడుతుంది. ఈ వణుకు ఆగి మనిషి అయ్యేదాకా పీస్‌ఫుల్ వైపు చూడొద్దు, నొక్కారంటే వాడూ పోతాడు, ఆపిల్ ఖర్చూ పోతుంది.

రెండోది, కిందికి దిగడం. పాత గనుల్లో కేవ్ స్పైడర్ కాటుకు ఈజీలో విషం ఎక్కదు, నార్మల్‌లో 7 సెకన్లు, హార్డ్‌లో 15. విథర్ అనే పెద్ద రాక్షసితో పోరాటమూ అంతే, దాని పుర్రె తగిలితే ప్రాణం నల్లగా మారి కారిపోయే ఆ జబ్బు ఈజీలో అంటదు, హార్డ్‌లో 40 సెకన్లు ఉంటుంది. చంపితే ఇచ్చే నెదర్ స్టార్ మాత్రం ఏ స్థాయిలోనైనా ఒక్కటే. బెడ్‌రాక్‌లో విథర్ ప్రాణం కూడా మారుతుంది, ఈజీలో 300 అయితే హార్డ్‌లో 600.

రెయిడ్‌ల, అంటే ఊరి మీద దొంగల ముఠా చేసే దాడుల, విషయంలో తొందరపడి తగ్గించకండి. ఈజీలో 3 విడతలు, నార్మల్‌లో 5, హార్డ్‌లో 7 వస్తాయి. తగ్గిస్తే తేలికే, కానీ జావాలో ఎవోకర్లు 5వ విడత నుంచే వస్తారు, వాళ్లను చంపితే వచ్చే, చావు నుంచి ఒకసారి కాపాడే టోటెమ్ కావాలంటే నార్మల్ అయినా ఉండాలి. మార్చేదేదో రెయిడ్ మొదలుకాక ముందే మార్చండి.

బటన్ పనిచేయకపోతే

జావాలో డిఫికల్టీ పక్కన చిన్న తాళం గుర్తు ఉంటుంది. అదేంటో చూద్దామని నొక్కి, వచ్చిన ప్రశ్నకు అవునంటే ఆ వరల్డ్ అక్కడే బిగుసుకుపోతుంది, మెనూలో దాన్ని విప్పే దారి లేదు. హార్డ్‌కోర్‌లో, అంటే ఒక్కసారి చస్తే ఆట ముగిసే పద్ధతిలో, మొదలుపెట్టిన వరల్డ్ అయితే హార్డ్ తప్ప ఇంకోటి ఉండదు, కమాండ్ కొట్టినా మారదు.

కమాండ్ అంటే పెద్ద విషయమేం కాదు. చాట్ తెరిచి, ముందు స్లాష్, వెంటనే ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో డిఫికల్టీ, ఒక స్పేస్, తర్వాత కావాల్సిన స్థాయి పేరు, ఎంటర్. చీట్స్ ఆన్‌లో ఉంటేనే తీసుకుంటుంది. జావాలో మొదట్లో ఆన్ చేయకపోయినా పర్లేదు, ఎస్కేప్ నొక్కి ఓపెన్ టు ల్యాన్‌కి వెళ్లి అక్కడ ఆన్ చేస్తే ఆ పూటకు పనిచేస్తుంది. కాకపోతే ల్యాన్‌కి తెరిచాక ఎస్కేప్ నొక్కినా ఆట ఆగదు. మెనూలో నింపాదిగా వెతుక్కుంటుంటే వెనకాల క్రీపర్ వచ్చేస్తుంది.

సర్వర్ అయితే సర్వర్ ప్రాపర్టీస్ ఫైల్‌లో డిఫికల్టీ అనే వరుస ఉంటుంది, ఏమీ మార్చకపోతే అది ఈజీలోనే ఉంటుంది. ఇంకా నయం, అక్కడ అందరికీ ఒకటే స్థాయి, మీకొకటి, మీ స్నేహితుడికొకటి కుదరదు. అందుకే పదిమంది ఉన్న వరల్డ్‌లో ముందు చాట్‌లో ఒక మాట వేయండి, రెండు నిమిషాలు ఆగండి, ఎవరు ఏ గోతిలో ఏ జాంబీని దాచుకున్నారో మీకేం తెలుసు.

మొన్న మా అక్క కొడుకు వరల్డ్‌లోకి నేనూ వెళ్లాను. కోట గోడలు కట్టాలి, పీస్‌ఫుల్ పెడదామన్నాడు. ఈసారి వెంటనే నొక్కలేదు, ఆగి అడిగాడు: "మావయ్యా, నా గొర్రెలకేమైనా అవుతుందా?" గొర్రెలకు, ఆవులకు, పెంచుకున్న కుక్కలకు ఏమీ కాదురా అని చెప్పాను. అయినా వాడు పెన్సిల్ గుర్తు వెతుక్కుని ముందు కాపీ తీసుకుని వచ్చాడు.